1689 చట్టంతో ఇంగ్లండ్‌లో డిసెంటర్లకి నిజంగా స్వేచ్ఛ వచ్చిందా?

చదువరి_77:

అందరికీ నమస్కారం. ఒక డౌట్ చాలా రోజుల్నుంచి తొలిచేస్తోంది, తెలిసినవాళ్ళు కాస్త ఓపిక చేసుకుని చెప్పండి. ఇంగ్లండ్ చరిత్ర మీద ఏ పుస్తకం తీసినా 1688లో విప్లవం వచ్చింది, 1689లో టాలరేషన్ యాక్ట్ చేశారు, దాంతో చర్చ్ ఆఫ్ ఇంగ్లండ్‌లో లేని ప్రొటెస్టెంట్లకి, అంటే డిసెంటర్లకి, మత స్వేచ్ఛ దొరికింది అని ఒక్క వాక్యంలో తేల్చేస్తారు. సరేలే అని పేజీలు తిప్పుకుంటూ పోతే 1828లో డిసెంటర్లని పదవులకి దూరంగా ఉంచిన టెస్ట్ యాక్ట్, కార్పొరేషన్ యాక్ట్ రద్దు చేశారని వస్తుంది, ఇంకా ముందుకి పోతే 1871 దాకా ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జిల్లో వాళ్ళకి అడ్డంకులున్నాయని వస్తుంది. 1689లోనే స్వేచ్ఛ వచ్చేస్తే ఈ నూట ఎనభై ఏళ్ళూ దేనికోసం కొట్లాడినట్టు?

ఇంకోటి కూడా అర్థం కావట్లేదు. రాజుగారి చర్చీ ప్రొటెస్టెంటే, వీళ్ళూ ప్రొటెస్టెంట్లే, చదివే బైబిలూ అదే. ప్రార్థన ఎక్కడ చేసుకుంటే ఏంటి, జైల్లో పెట్టేంత పగ ఎందుకు? కేథలిక్కులంటే పోప్ భయం, స్పెయిన్ భయం అనుకోవచ్చు, వీళ్ళతో ఏం భయం?

పాతకాగితం:

మీ రెండో ప్రశ్న నుంచే మొదలుపెడతానండీ, అది తేలితే మొదటిది దానంతటదే తేలుతుంది.

1534లో ఎనిమిదో హెన్రీ పోప్‌తో తెగతెంపులు చేసుకుని చర్చికి తనే అధిపతినని ప్రకటించుకున్నాక, అక్కడ చర్చి అంటే మనిషి ఇష్టపడి చేరే సంఘం కాదు. ఊళ్ళో పుట్టిన ప్రతివాడూ పుట్టుకతోనే దాంట్లో మనిషి. 1559లో ఎలిజబెత్ కాలంలో చేసిన చట్టం ప్రకారం ఆదివారం తన ఊరి పారిష్ చర్చికి రాకపోతే 12 పెన్నీలు జరిమానా, ఆ డబ్బు ఆ పారిష్‌లో బీదవాళ్ళకి పోతుంది. అలాంటి చోట ఎవడైనా లేచి నేను మీ చర్చికి రాను, మా సంఘం మాకుంది, మా కాపరిని మేమే ఎన్నుకుంటాం అన్నాడనుకోండి, వాడు ప్రార్థన గురించి మాట్లాడుతున్నట్టు పైవాళ్ళకి వినపడదు, రాణిగారి అధికారంలో ఒక ముక్కని కాదంటున్నట్టే వినపడుతుంది. 1593లో హెన్రీ బారో, జాన్ గ్రీన్‌వుడ్, జాన్ పెన్రీ అనే ముగ్గురిని ఉరితీసింది ఇందుకే. వాళ్ళెవరూ కత్తి పట్టలేదు, కలం పట్టారు అంతే. ఆ తర్వాత వచ్చిన మొదటి జేమ్స్ 1604లో హాంప్టన్ కోర్టులో, చర్చిని ఇంకా సంస్కరించాలనే ప్యూరిటన్ల ముందే అన్నాడు, బిషప్ లేకపోతే రాజూ లేడని. భయం ఏంటన్నారు కదా, ఇదే ఆ భయం.

1649లో ప్యూరిటన్ల పక్షం గెలిచి రాజు మొదటి చార్లెస్ తల తీసేసరికి ఆ భయం నిజమైపోయింది. అందుకని 1660లో రెండో చార్లెస్ తిరిగొచ్చాక, వస్తూ వస్తూ నెదర్లాండ్స్‌లోని బ్రెడా నుంచి సున్నితమైన మనస్సాక్షి ఉన్నవాళ్ళ జోలికి పోనని ఇచ్చిన మాటని పార్లమెంటు పక్కన పడేసి వరసగా చట్టాలు చేసింది. 1661 కార్పొరేషన్ యాక్ట్, అంటే ఊరి పాలకవర్గంలో ఉండాలంటే అధికారిక చర్చిలో ప్రభు భోజనం తీసుకుని ఉండాలి. 1662 యూనిఫార్మిటీ యాక్ట్, అంటే ప్రార్థన పుస్తకంలో ఉన్న ప్రతి మాటకీ మనస్ఫూర్తిగా ఒప్పుకుంటున్నానని పాదిరీలు అందరి ముందూ చెప్పాలి, గడువు ఆగస్టు 24. చెప్పలేనివాళ్ళు ఇల్లూ చర్చీ ఖాళీ చేసి పెళ్ళాం పిల్లల్ని తీసుకుని రోడ్డు మీదకి రావాల్సిందే. 1660 నుంచి 62 దాకా కలిపి దాదాపు 2000 మంది అలా పదవులు పోగొట్టుకున్నారు. 1664లో కన్వెంటికిల్ యాక్ట్, ఇంట్లోవాళ్ళు కాకుండా పదహారేళ్ళు దాటినవాళ్ళు అయిదుగురికి మించి వేరే ఆరాధనకి చేరితే నేరం, మూడోసారి దొరికితే ఏడేళ్ళు సముద్రాలు దాటించడం లేదా 100 పౌన్లు. 1665లో ఫైవ్ మైల్ యాక్ట్, పదవి పోయిన పాదిరీ తను ఒకప్పుడు బోధించిన ఊరికి అయిదు మైళ్ళ లోపు కనపడకూడదు, కనపడితే 40 పౌన్లు. ఇరవై ఏళ్ళు తనని నమ్ముకున్న ఊరి వైపు నడిచెళ్ళడం కూడా నేరమే అయిపోయింది వాళ్ళకి.

ఇక 1689. ఆ చట్టం పూర్తి పేరు తెలుగులో చెప్పాలంటే, చర్చ్ ఆఫ్ ఇంగ్లండ్‌తో విభేదించే ప్రొటెస్టెంటు ప్రజలని కొన్ని చట్టాల శిక్షల నుంచి మినహాయించే చట్టం. ఆ పేరులో స్వేచ్ఛ లేదు, టాలరేషన్ అన్న మాట కూడా లేదు. పాత చట్టాలు పుస్తకంలో అలాగే ఉన్నాయి, కొందరికి శిక్ష మాత్రం వేయరు. అదీ ఊరికే కాదు. రాజుకి విధేయత ప్రమాణం చేయాలి, బోధకులైతే చర్చి నమ్మకాలని చెప్పే 39 సూత్రాల్లో చాలావాటికి సంతకం పెట్టాలి, ప్రార్థన మందిరాన్ని బిషప్ దగ్గరో జడ్జిల దగ్గరో నమోదు చేయించాలి, లోపల ఆరాధన జరుగుతున్నంతసేపూ తలుపుకి గడియ వేయకూడదు. ఆ తలుపు సంగతి చదివినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది, ప్రార్థన చేసుకోండి గానీ మేం ఎప్పుడైనా లోపలికొచ్చి చూస్తాం అన్నట్టు. కేథలిక్కులకీ, త్రిత్వాన్ని (తండ్రి, కుమారుడు, పరిశుద్ధాత్మ ఒకే దేవుడన్న నమ్మకాన్ని) ఒప్పుకోనివాళ్ళకీ ఆ మినహాయింపు కూడా లేదు. కార్పొరేషన్ యాక్ట్, 1673 టెస్ట్ యాక్ట్ చెక్కుచెదరలేదు. కాబట్టి మీ నూట ఎనభై ఏళ్ళ లెక్కకి మొదలు ఇక్కడుంది.

నూలుపోగు:

పైన ఆయన చట్టాలు చెప్పారు, చాలా బాగా చెప్పారు. ఆ చట్టాల కింద నలిగిన మనుషుల్ని కూడా చూడకపోతే అసలు సంగతి అందదు, అందుకని రెండు కథలు చెప్తాను.

బెడ్‌ఫర్డ్ దగ్గర జాన్ బన్యన్ అని గిన్నెలకి మాట్లు వేసుకుని బతికేవాడు, బిషప్ చేతుల మీదుగా పాదిరీ అయినవాడు కాదు గానీ మాట్లాడితే జనం మూగేవాళ్ళు. 1660 నవంబరులో ఒక పొలం ఇంట్లో నలుగురినీ కూర్చోబెట్టి బోధించబోతుంటే పట్టుకున్నారు. ఆయన్ని లోపల వేసింది పైన చెప్పిన కొత్త చట్టాల కింద కాదు, అవి అప్పటికింకా రాలేదు, అధికారిక చర్చికి రాకుండా వేరే ఆరాధనకి చేరేవాళ్ళ మీద 1593లో చేసిన పాత చట్టాన్ని దుమ్ము దులిపి వాడారు. ఇక బోధించనని ఒక్క మాట ఇస్తే ఇంటికెళ్ళిపోవచ్చు. ఆయనేమో ఇవాళ వదిలితే దేవుడి దయవల్ల రేపే మళ్ళీ బోధిస్తానన్నాడు. మొదటి భార్య పోయింది, నలుగురు పిల్లలు, పెద్దపిల్ల మేరీకి చూపు లేదు. రెండో భార్య ఎలిజబెత్ కడుపుతో ఉంది, అరెస్టు వార్త వినగానే నెలలు నిండకుండానే ప్రసవమై ఆ బిడ్డ దక్కలేదు. ఆమె 1661 ఆగస్టులో బెడ్‌ఫర్డ్ స్వాన్ సత్రంలో కూర్చున్న జడ్జిల ముందుకి ఒంటరిగా వెళ్ళి, నలుగురు చిన్నపిల్లలు, ఒకదానికి కళ్ళు లేవు, పదిమంది దయ తప్ప బతకడానికి ఇంకేం లేదు అని అడిగింది. మాథ్యూ హేల్ అనే జడ్జికి జాలి కలిగింది గానీ వదలడానికి దారి చూపలేకపోయాడు. బన్యన్ జైల్లో కూర్చుని లేసుల చివర లోహపు తొడుగులు బిగించి, అవి వందల గ్రోసులు అమ్మించి ఇల్లు నడిపాడు. బయటికొచ్చింది 1672లో, అంటే పన్నెండేళ్ళు. 1689 చట్టం ఆయన చూడనేలేదు, 1688 ఆగస్టు 31న పోయాడు.

రెండోది 1670లో లండన్. గ్రేస్‌చర్చ్ వీధిలో క్వేకర్లనే డిసెంటర్ల శాఖ మందిరానికి సైనికులు కాపలా పెట్టి లోపలికి పోనివ్వకపోతే విలియం పెన్ వీధిలోనే నిలబడి మాట్లాడాడు, అప్పటికి ఆయనకి పాతికేళ్ళు. ఆయన్నీ విలియం మీడ్‌నీ అల్లరి మూకని పోగేశారని కోర్టుకి తెచ్చారు. క్వేకర్లు మనిషి ముందు టోపీ తీయరు కదా, అక్కడ జరిగింది వినండి. వాళ్ళ టోపీలు అప్పటికే ఎవరో తీసేశారు, కోర్టువాళ్ళు వాటిని మళ్ళీ వాళ్ళ తలల మీద పెట్టించి, టోపీ తీయలేదని తలా 40 మార్కులు (అప్పటి డబ్బు లెక్క) జరిమానా వేశారు! జూరీ ఏమో గ్రేస్‌చర్చ్ వీధిలో మాట్లాడాడు, అంతవరకు నిజమే అని చెప్పి ఊరుకుంది. నేరం అని చెప్పమంటే చెప్పలేదు. తిండి లేకుండా, నీళ్ళు లేకుండా, చలిమంట లేకుండా రెండు రాత్రులు తలుపులేసి ఉంచినా చెప్పలేదు, ఆఖరికి నేరం కాదు అని తీర్పిచ్చారు. దానికి పన్నెండు మందికీ తలా 40 మార్కులు వేసి న్యూగేట్ జైలుకి తోలితే ఎడ్వర్డ్ బుషెల్ ఇంకొందరితో కలిసి కట్టనని మొండికేసి పై కోర్టుకి వెళ్ళాడు. తీర్పు నచ్చలేదని జూరీని శిక్షించకూడదని చీఫ్ జస్టిస్ వాన్ చెప్పేశాడు. ఇవాళ ఇంగ్లండ్‌లో ఏ జూరీ అయినా భయం లేకుండా తీర్పిస్తోందంటే దాని వెనక ఆ ఆకలి రాత్రులున్నాయి. క్వేకర్లు కూడా కాని ఆ పన్నెండు మంది వేరేవాళ్ళ ప్రార్థన కోసం పస్తులున్నారన్నది నేనైతే మర్చిపోలేను.

గట్టుమీదగాలి:

ఇదంతా నిజమే, కాదనను. కానీ డిసెంటర్లు అందరూ స్వేచ్ఛ కోసం నిలబడ్డ త్యాగమూర్తులు, అధికారిక చర్చివాళ్ళు అందరూ దుర్మార్గులు అనుకుంటే పొరపాటు చేసినట్టే. 1640ల్లో, బిషప్పులు వద్దు, పెద్దల సభలే చర్చిని నడపాలనే ప్రెస్బిటేరియన్ల చేతికి అధికారం వచ్చినప్పుడు వాళ్ళేం చేశారో చూడండి, అందరికీ తమ పద్ధతే రుద్దాలని చూశారు, 1648లో త్రిత్వాన్ని కాదన్నవాళ్ళకి మరణశిక్ష అని ఆర్డినెన్స్ కూడా పాస్ చేశారు. 1656లో జేమ్స్ నేలర్ అనే క్వేకర్, యేసు యెరూషలేము ప్రవేశాన్ని తలపించేలా గుర్రమెక్కి బ్రిస్టల్‌లోకి వచ్చాడని ప్యూరిటన్ల పార్లమెంటే అతన్ని కొరడాలతో కొట్టించి, నుదుటి మీద దైవదూషకుడని అక్షరం కాల్చి, నాలుకకి కాల్చిన ఇనుముతో కన్నం పెట్టించింది. తను బాధపడినప్పుడు స్వేచ్ఛ అడగడం ఎవడైనా చేస్తాడు, ఎదుటివాడికి కూడా అదే ఇస్తావా అన్న దగ్గర చాలామంది తప్పిపోయారు.

1689 చట్టం కూడా మనసు మారి చేసింది కాదని నా అభిప్రాయం. 1687లో రెండో జేమ్స్ కేథలిక్కుల కోసం, వాళ్ళతో పాటు డిసెంటర్లకి కూడా, శిక్షలన్నీ ఆపేస్తూ సొంతంగా ప్రకటన ఇచ్చాడు. 1688లో దాన్నే చర్చిల్లో చదవమంటే ఏడుగురు బిషప్పులు మా వల్ల కాదని విన్నపం పెట్టుకున్నారు, లండన్ టవర్ జైల్లో పెట్టి కేసు నడిపితే జూరీ వదిలేసింది. ఆ రోజుల్లో చర్చివాళ్ళకి డిసెంటర్లు కావలసి వచ్చారు, రాజు వైపు పోకండి, మీ సంగతి పార్లమెంటులో మేం చూస్తాం అన్నారు. చాలామంది డిసెంటర్లు చేతికొచ్చిన స్వేచ్ఛని కూడా రాజు ఒక్కడి ఇష్టం మీద ఆధారపడిందని అనుమానించి దూరంగా ఉన్నారు, అది చిన్న విషయం కాదు. 1688 విప్లవంలో జేమ్స్ పోయి విలియం రాజైన తర్వాత ఆ బాకీ తీర్చడానికి రెండు బిల్లులు వచ్చాయి, ఒకటి మితవాద డిసెంటర్లని చర్చిలోనే కలుపుకునేది, రెండోది కలవనివాళ్ళని వదిలేసేది. మొదటిది మూలపడింది, కొద్దిమంది కోసం అనుకున్న రెండోదే అందరికీ మిగిలింది. తత్వవేత్త జాన్ లాక్ మత సహనం మీద రాసిన ఉత్తరం అదే ఏడాది అచ్చయింది కాబట్టి దాన్ని చూసి చట్టం చేశారని కొందరు రాస్తారు, అది తప్పు. లాక్ కూడా నాస్తికులని, పరాయి రాజుకి లోబడే మతంవాళ్ళని లెక్కలోంచి తీసేశాడు.

నూలుపోగు:

మీరు చెప్పిన నేలర్ సంగతి ఒప్పుకుంటాను, దాన్ని దాచకూడదు కూడా. కానీ అందరూ తప్పిపోయారంటే మాత్రం ఒప్పుకోలేను. 1612లోనే థామస్ హెల్విస్ అనే బాప్టిస్టు, దేశం వదిలి ఆమ్‌స్టర్‌డామ్‌లో సుఖంగా ఉన్నవాడు, మనవాళ్ళు అక్కడ హింస పడుతుంటే మనం ఇక్కడ దాక్కోకూడదని తిరిగొచ్చి లండన్ స్పిటల్‌ఫీల్డ్స్‌లో సంఘం పెట్టాడు. ఆయన పుస్తకంలో రాసింది తమ సంఘం గురించి మాత్రమే కాదు, మతభ్రష్టులు కానీ తురకలు కానీ యూదులు కానీ ఎవరైనా సరే, వాళ్ళని ఇసుమంతైనా శిక్షించడం భూమ్మీద ప్రభుత్వం పని కాదు అన్నాడు. రాజు మనిషే గానీ దేవుడు కాదు, ప్రజల ఆత్మల మీద ఆయనకి అధికారం లేదని సొంత చేత్తో రాసిన ప్రతి ఒకటి ఇప్పటికీ ఆక్స్‌ఫర్డ్ బోడ్లియన్ లైబ్రరీలో ఉంది. ఆయన్ని న్యూగేట్‌లో పెట్టారు, నాలుగేళ్ళలోపే పోయాడు. అదే 1612లో లెగేట్, వైట్‌మన్ అనే ఇద్దరిని నమ్మకాల పేరుతో బతికుండగా కాల్చారు, ఇంగ్లండ్‌లో అవే ఆఖరివి. ఆ మంటలు చల్లారని ఏడాదిలో ఒక మనిషి ఆ మాట రాశాడంటే, లాక్ కంటే డెబ్బై ఏళ్ళకి పైగా ముందు, నాకది మామూలు ధైర్యం అనిపించదు.

చదువరి_77:

ఇంత వివరంగా రాసినందుకు అందరికీ చాలా థ్యాంక్స్ అండీ. ఒక్కటి మాత్రం ఇంకా అడగాలని ఉంది. 1689 తర్వాత జైళ్ళు, ఉరులు లేవు కదా, మందిరాలు కట్టుకున్నారు, పాడుకున్నారు. మరి మామూలు మనిషికి రోజువారీ బతుకులో తేడా ఎక్కడ తెలిసేది?

వేపచెట్టునీడ:

ఇది నాకు బాగా ఇష్టమైన భాగం, నేను చెప్తాను. పుట్టుక దగ్గర్నుంచి చావు దాకా తెలిసేదండీ.

పుట్టుకకి రుజువు పారిష్ చర్చి బాప్తిస్మం రిజిస్టరే. బాప్టిస్టులు పసిపిల్లలకి బాప్తిస్మం ఇవ్వరు, క్వేకర్లు అసలే ఇవ్వరు, మరి ఆస్తి తగాదాలో వయసు రుజువు చేయాలంటే ఎలా? అందుకే పద్దెనిమిదో శతాబ్దంలో డిసెంటర్లు లండన్‌లో డాక్టర్ విలియమ్స్ లైబ్రరీలో సొంతంగా పుట్టుకల రిజిస్టర్ పెట్టుకోవాల్సి వచ్చింది. పెళ్ళి ఇంకా అన్యాయం. 1753 పెళ్ళిళ్ళ చట్టంలో క్వేకర్లకీ యూదులకీ మినహాయింపు ఇచ్చారు గానీ మిగతా డిసెంటర్లు మాత్రం పారిష్ చర్చికి వెళ్ళి, తాము నమ్మని పాదిరీ ముందు, తాము వద్దనుకున్న ప్రార్థన పుస్తకంతోనే పెళ్ళి చేసుకోవాలి, లేకపోతే ఆ పెళ్ళి చెల్లదు. 1837 జూలైలో 1836 చట్టం అమల్లోకొచ్చేదాకా ఇదే. చదువు సంగతి మీరే రాశారు. ఆక్స్‌ఫర్డ్‌లో చేరేటప్పుడే 39 సూత్రాలకి సంతకం, కేంబ్రిడ్జిలో చదవనిచ్చేవాళ్ళు గానీ డిగ్రీ ఇవ్వరు. అందుకే వాళ్ళు సొంత అకాడమీలు పెట్టుకున్నారు, న్యూయింగ్టన్ గ్రీన్‌లో డానియల్ డెఫో చదివాడు, వారింగ్టన్‌లో డిసెంటర్ బోధకుడూ శాస్త్రవేత్తా అయిన జోసెఫ్ ప్రీస్ట్లీ పాఠాలు చెప్పాడు. ఆ అకాడమీల్లో సైన్సు, చరిత్ర, ఆధునిక భాషలు బాగా చెప్పేవాళ్ళు.

ఇక లండన్ నగరం చేసిన పని వినండి. కార్పొరేషన్ యాక్ట్ వల్ల డిసెంటర్ షెరిఫ్ పదవి చేయలేడు కదా. 1748లో నగరంవాళ్ళు ఒక రూల్ పెట్టారు, షెరిఫ్‌గా ఎన్నికైనవాడు పదవి తీసుకోకపోతే 600 పౌన్ల జరిమానా అని. ఆ తర్వాత కావాలని డిసెంటర్లనే ఎన్నుకోవడం మొదలుపెట్టారు! పదవి తీసుకుంటే మనస్సాక్షి చంపుకుని ప్రభు భోజనానికి వెళ్ళాలి, తీసుకోకపోతే డబ్బు కట్టాలి. అలా 15,000 పౌన్లకి పైగా వసూలు చేశారు, ఆ డబ్బు లార్డ్ మేయర్‌కి మాన్షన్ హౌస్ కట్టడానికి వాడుకున్నారు. అలెన్ ఎవాన్స్ ఇంకొందరితో కలిసి కట్టనని కోర్టుకెళ్తే 1754లో మొదలైన కేసు 1767లో హౌస్ ఆఫ్ లార్డ్స్‌లో తేలింది. టాలరేషన్ చట్టం తర్వాత డిసెంటర్‌గా ఉండటమే నేరం కాదు, నేరం కానిదానికి ఇలా శిక్ష వేయడం కుదరదని లార్డ్ మాన్స్‌ఫీల్డ్ తేల్చి చెప్పాడు. నన్నడిగితే 1689 చట్టానికి అసలు ప్రాణం పోసింది ఆ తీర్పే, అంటే డెబ్బై ఎనిమిదేళ్ళు పట్టింది. అయినా పార్లమెంటు మెత్తబడలేదు, టెస్ట్ యాక్ట్ రద్దు చేయమని 1787, 1789, 1790ల్లో అడిగితే మూడుసార్లూ ఓడించారు. 1789లో 20 ఓట్ల తేడాకి వచ్చింది, ఫ్రాన్సులో విప్లవం చూసి భయపడ్డాక మరుసటి ఏడు 294కి 105. 1791 జూలైలో బర్మింగ్‌హామ్‌లో మూకలు ప్రీస్ట్లీ ఇల్లు, లాబొరేటరీ తగలబెట్టాయి.

చావు గురించి చెప్పి ఆపుతాను. ఊరి చర్చి స్థలంలో పూడ్చాలంటే చర్చి పాదిరీ, చర్చి పద్ధతి తప్పనిసరి. ప్రార్థన పుస్తకం ప్రకారం బాప్తిస్మం లేనివాళ్ళకి ఆ ప్రార్థన చదవకూడదు, అంటే బాప్టిస్టుల ఇంట్లో పసిబిడ్డ పోతే సొంత ఊరి మట్టిలోనే ఒక్క మంచి మాట లేకుండా పూడ్చుకోవాలి, తమ కాపరి వచ్చి ప్రార్థన చేద్దామన్నా కుదరదు. అది 1880 దాకా మారలేదు. మీరు 1871తో ఆపారు గానీ నేనైతే ఆ లెక్క 1880 దాకా లాగుతాను.

చదువరి_77:

ఆ ఆఖరి పేరా చదివాక కాసేపు ఏం రాయాలో తోచలేదు. చాలా థ్యాంక్స్ అండీ. ఇప్పుడు మళ్ళీ మొదటి నుంచి చదువుకుంటాను. ఒక చిన్న డౌట్, ఒకచోట ఇదే చట్టాన్ని టాలరేషన్ యాక్ట్ 1688 అని రాశారు, అచ్చు తప్పా?

పాతకాగితం:

తప్పు కాదండీ. అప్పట్లో ఇంగ్లండ్‌లో కొత్త సంవత్సరం మార్చి 25న మొదలయ్యేది, పైగా చట్టానికి తేదీ అంటే ఆ పార్లమెంటు సమావేశం మొదలైన రోజు కింద లెక్క. ఆ సమావేశం మొదలైంది మనకి 1689 ఫిబ్రవరి 13, వాళ్ళ పాత లెక్కలో ఇంకా 1688. రాజు ఆమోదం పడింది 1689 మే 24న. చట్టాల పుస్తకాల్లో 1688 అని, చరిత్ర పుస్తకాల్లో 1689 అని కనపడుతుంది, రెండూ ఒకటే. పరీక్షకి రాస్తుంటే 1689 అనే రాయండి.